వాయ్ కా-ఫాయ్: గ్యాంగ్‌స్టర్, దెయ్యం, ప్రేమ, స్టాక్ మార్కెట్... అన్నీ రాసిన మనిషి గురించి మాట్లాడుకుందాం

రాత్రిఆట

హాంకాంగ్ సినిమా అనగానే మనలో చాలామందికి బ్రూస్ లీ, జాకీ చాన్, తర్వాత జాన్ వూ గుర్తొస్తారు. కొంచెం ముందుకెళ్ళినవాళ్ళు డైరెక్టర్ జానీ తో (‘తో’ ఆయన పేరే) దగ్గర ఆగుతారు. రాసినవాడెవరని అడిగేవాళ్ళు అరుదు. అందుకే ఈ థ్రెడ్.

వాయ్ కా-ఫాయ్ 1962లో పుట్టాడు. టీవీబీ చానెల్ సీరియల్స్‌లో పేరు తెచ్చుకుని, 1995లో ‘పీస్ హోటల్’తో డైరెక్టర్ అయ్యాడు. హీరో చౌ యున్-ఫాట్ హాలీవుడ్‌కి వెళ్ళేముందు చేసిన చివరి హాంకాంగ్ సినిమా అదే. 1996లో జానీ తోతో కలిసి మిల్కీవే ఇమేజ్ కంపెనీ పెట్టాడు. అక్కణ్ణుంచి ఈయన రాసినవాటిని వరసగా చూడండి. ‘టూ మెనీ వేస్ టు బి నంబర్ వన్’ (1997) గ్యాంగ్‌స్టర్ కథ. ‘నీడింగ్ యూ’ (2000) ఆఫీస్ ప్రేమకథ. ‘ఫ్యాట్ చోయ్ స్పిరిట్’ (2002) మాజాంగ్ ఆట మీద పండగ కామెడీ. అదే ఏడాది ‘మై లెఫ్ట్ ఐ సీస్ గోస్ట్స్’ దెయ్యాల కథ. ‘రన్నింగ్ ఆన్ కర్మ’ (2003) ఏ కోవలోకి వస్తుందో నేను చెప్పలేను. ‘మ్యాడ్ డిటెక్టివ్’ (2007) పోలీస్ కథ. ‘డ్రగ్ వార్’ (2012) మెయిన్‌ల్యాండ్ చైనాలో తీసిన క్రైమ్.

వీటిని విడివిడిగా చూస్తే ఇన్ని రకాలు రాశాడా అనిపిస్తుంది. ఒకదాని వెనక ఒకటి చూస్తే మాత్రం ఈయన ఒకే ప్రశ్న చుట్టూ తిరుగుతున్నాడని తెలుస్తుంది: నుదుటన రాసిపెట్టి ఉన్నదాన్ని మనిషి తప్పించుకోగలడా? తప్పించుకోలేకపోతే ఏం చెయ్యాలి? నాకైతే ఆయన గొప్పతనం అక్కడే ఉంది.

చూసినవాళ్ళు రండి, మాట్లాడదాం.

సుధ_నిజామాబాద్

మంచి థ్రెడ్ అన్నా. కానీ నాకొక అభ్యంతరం ఉంది. మీరు చెప్పిన లిస్టులో సగానికి పైగా సినిమాలకి జానీ తో డైరెక్టరో, కో-డైరెక్టరో. అవి అంత బాగుండటానికి కారణం తో అని నా నమ్మకం. నుదుటి రాత అనే థీమ్ ఎవరి సినిమాలో వెతికినా దొరుకుతుంది. దాన్ని పట్టుకుని రచయితకి పట్టం కట్టడం తొందరపాటు కాదా?

పాత_రీలు

సుధ గారూ, మీ ప్రశ్నకి జవాబు సినిమాల్లోనే ఉంది. వాయ్ రాయని జానీ తో సినిమాలు తీసుకోండి: ‘ద మిషన్’ (1999), ‘పీటీయూ’ (2003), ‘ఎలక్షన్’ (2005). వాటిలో మనుషులు నిలబడతారు, ఎదురుచూస్తారు, ఒకళ్ళనొకళ్ళు చూసుకుంటారు. ‘ద మిషన్’లో బాడీగార్డులు పని లేక కాగితపు ఉండని కాళ్ళతో తన్నుకుంటూ ఆడుకునే సీను చాలు, తో అంటే ఏంటో తెలియడానికి. కథ సన్నగా ఉంటుంది. మాటలు తక్కువ.

ఇప్పుడు వాయ్ పేరున్నవి చూడండి. మొదటి పది నిమిషాల్లోనే నమ్మశక్యం కాని ఒక సంగతి మన ముందు పడేస్తాడు. ఒక డిటెక్టివ్‌కి ఎదుటివాడి లోపలి మనుషులు కళ్ళెదుట కనిపిస్తారు. ఒక మాజీ సన్యాసికి ఎదుటివాళ్ళ పూర్వజన్మ కనిపిస్తుంది. ఒక విధవరాలికి ఎడమ కంటితో దెయ్యాలు కనిపిస్తాయి. ఆ ఒక్క అబద్ధాన్ని ఒప్పుకోమంటాడు. ఒప్పుకున్నాక ఇక అబద్ధం ఆడడు. దాని నుంచి ఏం పుట్టాలో అదే పుట్టిస్తాడు, ఎంత చేదుగా ఉన్నా సరే.

ఆ లక్షణం వాయ్ ఒక్కడే డైరెక్ట్ చేసిన ‘రిటన్ బై’ (2009)లోనూ ఉంది. కాబట్టి అది ఎవరిదో తేల్చడం కష్టం కాదు.

కోస్తా_కుర్రాడు

‘నీడింగ్ యూ’ నాకు ప్రాణం. అందులో హీరోయిన్ సామీ చెంగ్‌కి టెన్షన్ వస్తే చేతికందిందల్లా తుడుస్తూ, శుభ్రం చేస్తూ ఉంటుంది. ఆ ఒక్క అలవాటుతో మొత్తం క్యారెక్టర్ నిలబడిపోయింది. ఆమె బాధపడుతోందని ఎవరూ నోటితో చెప్పక్కర్లేదు, ఆమె గుడ్డ పట్టుకుంటే మనకి అర్థమైపోతుంది. అందులో నుదుటి రాత ఎక్కడుందో మాత్రం నాకు కనిపించలేదు. హాయిగా నవ్వుకునే సినిమా అది.

రాత్రిఆట

@కోస్తా_కుర్రాడు నిజమే, అది ముందు డబ్బు కోసం చేసిన సినిమా. 1998లో మిల్కీవే తీసిన ‘ద లాంగెస్ట్ నైట్’, ‘ఎక్స్‌పెక్ట్ ద అన్‌ఎక్స్‌పెక్టెడ్’ చీకటి సినిమాలు. విమర్శకులు మెచ్చుకున్నారు కానీ డబ్బులు రాలేదు. అప్పటికే ఆసియా ఆర్థిక సంక్షోభంతో, పైరసీ సీడీలతో హాంకాంగ్ పరిశ్రమ కుదేలై ఉంది. కంపెనీ బతకాలంటే జనం వచ్చే సినిమా కావాలి. ఆండీ లౌ, సామీ చెంగ్‌లని పెట్టి ‘నీడింగ్ యూ’ రాశారు. వాయ్‌తో పాటు యౌ నాయ్-హోయ్ కూడా రాశాడు. అది పెద్ద హిట్ అయింది. మర్నాడే అన్నట్టు అదే జంటతో 2001లో ‘లవ్ ఆన్ ఎ డైట్’. ఈ ప్రేమకథల డబ్బుతోనే తో తన సొంత సినిమాలు తీసుకోగలిగాడని చాలామంది అంటారు, నేనూ అదే అనుకుంటాను.

కానీ ‘లవ్ ఆన్ ఎ డైట్’ మళ్ళీ చూడండి. ఇద్దరూ విపరీతమైన లావు. ఆమె ఒకప్పటి ప్రియుడి కోసం సన్నబడాలి. ఆ ఖర్చుకి డబ్బు కావాలి. అతను వీధిలో నిలబడి, డబ్బిచ్చి నన్ను కొట్టుకోండి అంటాడు. కామెడీ సినిమాలో ఇది. ఆమె ఇంకొకడి దగ్గరికి వెళ్ళడానికి ఇతను దెబ్బలు తింటున్నాడు. ఒకరి బరువు ఇంకొకరు మోయడం అనే ఈ ఆలోచనే రెండేళ్ళ తర్వాత ‘రన్నింగ్ ఆన్ కర్మ’లో వేరే రూపంలో వచ్చింది.

విశాలి

నేను సీరియల్స్‌కి ఎపిసోడ్లు రాస్తాను, ఆ వైపు నుంచి ఒక మాట. వాయ్‌ని సినిమా రచయితగా మాత్రమే చూస్తే సగమే చూసినట్టు. 1992లో టీవీబీలో వచ్చిన ‘ద గ్రీడ్ ఆఫ్ మ్యాన్’ ఆయన నిర్మాతగా ఉండి కథ నడిపించిన సీరియల్. 40 ఎపిసోడ్లు. స్టాక్ మార్కెట్ నేపథ్యంలో రెండు కుటుంబాల పగ. 1973 నాటి హాంకాంగ్ మార్కెట్ పతనం కూడా కథలో ఉంది.

అందులో ఆడమ్ చెంగ్ వేసిన తింగ్ హాయ్ అనే పాత్ర ఉంది చూశారూ, అలాంటి విలన్‌ని నేను ఇంకెక్కడా చూడలేదు. పరమ మూర్ఖుడు, పశుబలం. కానీ తన దృష్టిలో తాను న్యాయవంతుడు. స్నేహితుణ్ణి తానే చితక్కొట్టి, తనకే అన్యాయం జరిగిందని మనస్ఫూర్తిగా నమ్ముతాడు. వాడు అబద్ధం ఆడటం లేదు, అదే భయం. మార్కెట్ పడిపోతున్నప్పుడు వాడికి కలిసొస్తుంది. చివరికి మార్కెట్ తిరగబడి సర్వం పోయాక, తన కొడుకుల్ని మేడ మీద నుంచి తోసి తానూ దూకుతాడు. వాడు మాత్రం చావడు.

టీవీలో ఆ సీరియల్ వస్తున్న రోజుల్లో నిజంగానే హాంకాంగ్ మార్కెట్ పడింది. ఆ తర్వాత ఆడమ్ చెంగ్ కొత్త సీరియల్ వచ్చినప్పుడల్లా మార్కెట్ పడుతుందని ఒక నమ్మకం పుట్టి, దానికి తింగ్ హాయ్ ఎఫెక్ట్ అని పేరే పెట్టేశారు. బ్రోకర్లు కూడా దాని గురించి మాట్లాడతారు. ఒక రచయిత సృష్టించిన పాత్ర ఊరి వ్యాపార వ్యవహారంలోకి వెళ్ళి కూర్చోవడం మామూలు సంగతి కాదు.

నటుడు లౌ చింగ్-వాన్‌కి జనంలో గుర్తింపు తెచ్చింది కూడా ఈ సీరియలే. ఆ తర్వాత ముప్పై ఏళ్ళు వాయ్ కథలకి ఆయన ముఖమే ముఖం అయింది.

సుధ_నిజామాబాద్

విశాలి గారూ, సీరియల్ అలవాటు సినిమా రాతలో ఎక్కడ కనిపిస్తుందో కొంచెం చెప్తారా? ఆసక్తిగా అడుగుతున్నాను.

విశాలి

తప్పకుండా. మొదటిది, సీరియల్ ఒక్కరు కూర్చుని రాసేది కాదు. నలుగురైదుగురు రచయితలు ఒక గదిలో కూర్చుంటారు. ఒకళ్ళు కథ మొత్తం తలలో పెట్టుకుంటారు, మిగతావాళ్ళు ఎపిసోడ్లు పంచుకుంటారు. టీవీబీలో ఇది ఫ్యాక్టరీ స్థాయిలో నడిచింది. వాయ్ మిల్కీవేకి తెచ్చింది ఆ గదినే. ‘రన్నింగ్ ఆన్ కర్మ’ స్క్రీన్‌ప్లే కింద నాలుగు పేర్లున్నాయి: వాయ్, యౌ నాయ్-హోయ్, ఔ కిన్-యీ, యిప్ తిన్-షింగ్. మన దగ్గర స్టోరీ సిట్టింగ్స్‌లో కూర్చున్నవాళ్ళ పేర్లు తెర మీదికి రావడం ఎంత కష్టమో నాకు బాగా తెలుసు. నేనూ ఒక సినిమాకి నెలల తరబడి కూర్చుని పేరు లేకుండా బయటికొచ్చినదాన్నే. అందుకే ఆ నాలుగు పేర్లు చూస్తే నాకు గౌరవం కలుగుతుంది.

రెండోది, సీరియల్ రచయితకి కథ మలుపు తిప్పడానికి భయం ఉండదు. రేపు మళ్ళీ ఎపిసోడ్ ఉంది కాబట్టి ఇవాళ ముఖ్యమైన పాత్రని చంపేయగలడు. వాయ్ సినిమాల్లో హీరోయిన్ ఉన్నట్టుండి పోతుంది, కథ పూర్తిగా వేరే దారి పడుతుంది. ఫీచర్ ఫిల్మ్ ట్రైనింగ్ మాత్రమే ఉన్నవాళ్ళు అలా చెయ్యడానికి జంకుతారు.

పాత_రీలు

విశాలి గారు చెప్పిన రెండో మాటకి ‘రన్నింగ్ ఆన్ కర్మ’ కంటే గట్టి ఉదాహరణ లేదు. కథ మొత్తం చెప్పేస్తున్నాను, చూడనివాళ్ళు ఈ పోస్ట్ దాటేయండి.

ఆండీ లౌ కండల సూట్ వేసుకుని బిగ్ అనే పాత్ర చేశాడు. మెయిన్‌ల్యాండ్ నుంచి వచ్చి హాంకాంగ్‌లో క్లబ్బులో బట్టలిప్పి నాట్యం చేసే బాడీబిల్డర్. ఒకప్పుడు బౌద్ధ సన్యాసి. అతనికి ఎదుటివాళ్ళ పూర్వజన్మ కర్మ కనిపిస్తుంది. సిసీలియా చుంగ్ వేసిన ఫంగ్-యీ అనే పోలీసమ్మాయి వెనక ఒక జపాన్ సైనికుడు కనిపిస్తాడు, కత్తి పట్టుకుని అమాయకుల్ని నరుకుతూ. అంటే ఈ అమ్మాయి త్వరలో చావాలి. ఎంత మంచిదైనా సరే.

ఇక్కడ మామూలు రచయిత అయితే ఏం చేస్తాడు? హీరో ఆమెని కాపాడతాడు, ప్రేమ కర్మని జయిస్తుంది, శుభం కార్డు. వాయ్ మొదట అదే చేస్తున్నట్టు నటిస్తాడు. బిగ్ ఆమెని కాపాడతాడు, ఒకసారి కాదు. మనం ఊపిరి పీల్చుకుంటాం. అప్పుడు ఆ అమ్మాయికే విషయం తెలుస్తుంది. తెలిశాక ఆమె తీసుకున్న నిర్ణయమే సినిమాకి గుండెకాయ: ఎలాగూ చావు తప్పదు కాబట్టి ఆ చావు ఎవరికైనా పనికొచ్చేలా చెయ్యాలి అనుకుంటుంది. బిగ్ స్నేహితురాల్ని చంపి కొండల్లో దాక్కున్న హంతకుణ్ణి పట్టుకోవడానికి ఒంటరిగా వెళ్తుంది. చచ్చిపోతుంది. ఆమె తల అడవిలో దొరుకుతుంది.

ఆ జపాన్ సైనికుడు ఫంగ్-యీ కాదు, ఫంగ్-యీ ఆ సైనికుడు కాదు, కానీ అతను చేసిన పాపం ఈమె అనుభవించాలి. బిగ్ ఈ మాట చెప్తాడు. కర్మ అనే మాట మనం రోజూ వాడతాం. కాళ్ళు లేనివాణ్ణి చూసి కూడా ఏ జన్మలో ఏం చేసుకున్నాడో అని తేలిగ్గా అనేస్తాం. ఈ సినిమా ఆ మాటని ఒక నవ్వే అమ్మాయి ముఖం మీద పెట్టి, ఇప్పుడు అనండి చూద్దాం అంటుంది.

2004 హాంకాంగ్ ఫిల్మ్ అవార్డ్స్‌లో ఉత్తమ చిత్రం, ఉత్తమ నటుడు, ఉత్తమ స్క్రీన్‌ప్లే మూడూ దీనికే వచ్చాయి. ఉత్తమ దర్శకుడు మాత్రం జానీ తోకి, ‘పీటీయూ’కి. సుధ గారూ, ఆ ఏడాది జ్యూరీ కూడా మీ ప్రశ్నకి ఇద్దరినీ విడదీసే జవాబు చెప్పిందని నేననుకుంటాను.

షార్జా_శంకర్

‘రన్నింగ్ ఆన్ కర్మ’ నేనూ చూశాను, సినిమా గొప్పది, కాదనను. కానీ అందులో మొదట్లో తప్పించుకు తిరిగే హంతకుడు ఒక ఇండియన్. ఒళ్ళు రబ్బరులా వంచుకుని ఇరుకు సందుల్లో దూరిపోతాడు. ‘మ్యాడ్ డిటెక్టివ్’లో అడవిలోకి పారిపోయే దొంగ కూడా ఇండియనే. హాంకాంగ్‌లో భారతీయులు బ్రిటిష్ వాళ్ళు వచ్చిన 1840ల నుంచి ఉన్నారు. సిక్కు పోలీసులు, సింధీ వ్యాపారులు, ఇంకా ఎంతోమంది. ఆ ఊళ్ళో ఇన్ని తరాలు బతికినవాళ్ళు కథలో అవసరమైతే దొంగో, వింత మనిషో అవుతారు. వాయ్ 2005లో ‘హిమాలయా సింగ్’ అని ఒక పండగ కామెడీ డైరెక్ట్ చేశాడు, ఇండియాలో తీశారు, మన గౌరీ కార్నిక్ కూడా నటించింది. అందులోనూ ఇండియా అంటే యోగా, వింతలు, రంగులు. మనిషి లోపలి మనిషిని చూడగల రచయిత పక్క వీధిలో ఉన్నవాణ్ణి పైపైన చూశాడని నాకు బాధ.

రాత్రిఆట

శంకర్ అన్నా, మీరన్నదాంట్లో కాదనడానికి ఏమీ లేదు. ‘మ్యాడ్ డిటెక్టివ్’లో ఇంకో సంగతి కూడా గమనించండి: ఆ ఇండియన్ మీద నేరాలన్నీ నెట్టేయడం చాలా తేలిక అని విలన్ పోలీసుకి తెలుసు. అందరూ వెంటనే నమ్ముతారు కూడా. అంటే కథకి ఆ పక్షపాతం గురించి తెలుసు. కానీ ఆ మనిషికి సొంత గొంతు ఇవ్వలేదు. ఆ లోటు అలాగే ఉంది.

సుధ_నిజామాబాద్

‘మ్యాడ్ డిటెక్టివ్’ మాట వచ్చింది కాబట్టి: నాకు వాయ్ సినిమాల్లో అన్నిటికంటే నచ్చింది అదే. లౌ చింగ్-వాన్ పాత్ర పేరు బన్. రిటైరవుతున్న పై అధికారికి వీడ్కోలు కానుకగా తన చెవి కోసి ఇస్తాడు. దర్యాప్తు చెయ్యాలంటే తనని సూట్‌కేసులో పెట్టి మెట్ల మీద నుంచి దొర్లించమంటాడు, బయటికొచ్చి హంతకుడి పేరు చెప్తాడు. అనుమానితుడైన పోలీసు కో వెనక ఏడుగురు నడుస్తుంటారు, వాడి లోపలి ఏడుగురు. ఒక తిండిపోతు, ఒక కొట్లాటగాడు, లెక్కలేసే ఒక ఆడమనిషి ఇలా. రెస్టారెంటు బాత్రూమ్ సీనులో బయటివాళ్ళకి కనిపించేది కో ఒక్కడే, బన్‌కి మాత్రం గుంపు. ఒకే సంఘటనని రెండు రకాలుగా తీశారు, మనకి అయోమయం లేదు. ఇది మాత్రం స్క్రిప్ట్ దశలోనే తేలాల్సిన పని అని ఒప్పుకుంటాను. కెమెరాతో తర్వాత సర్దుకునేది కాదు.

కానీ చివర అద్దాల మధ్య కాల్పుల సీను ఉంది చూడండి, అది తో లేకుండా ఊహించలేను. వాయ్ ఒంటరిగా డైరెక్ట్ చేసిన ‘ద షాపహాలిక్స్’ (2006) చూసినప్పుడు నాకు తలనొప్పి వచ్చింది. ఒకదాని మీద ఒకటి మలుపులు, గోల. ఆయన బుర్రలో పుట్టే ఆలోచనలకి ఆపే చెయ్యి ఒకటి కావాలి. ఆ చెయ్యి తో. నా మాట మీద నేనున్నాను.

పాత_రీలు

ఆపే చెయ్యి కావాలన్న మాట సగం ఒప్పుకుంటాను. ‘ద షాపహాలిక్స్’ నాకూ నచ్చలేదు. కానీ ఆపే చెయ్యి లేనప్పుడే వచ్చిన ‘టూ మెనీ వేస్ టు బి నంబర్ వన్’ మాటేమిటి? 1997లో వచ్చింది, హాంకాంగ్ చైనా చేతికి వెళ్ళిన ఏడాది. లౌ చింగ్-వాన్ వాంగ్ అనే చిన్న రౌడీ. మొదట్లో చెయ్యి చూసి జాతకం చెప్తారు. తర్వాత కథ రెండు దారులు. ఒకదాంట్లో అతను మెయిన్‌ల్యాండ్ చైనాకి వెళ్తాడు, ఇంకోదాంట్లో తైవాన్‌కి. ఒక చోట కెమెరా మొత్తం తలకిందులై, మనుషులు పైకప్పు నుంచి వేలాడుతున్నట్టు కనిపిస్తూ తన్నుకుంటారు. ఆ ఏడాది హాంకాంగ్‌లో ప్రతి ఇంట్లో ఉండాలా పోవాలా అనే చర్చ నడుస్తోంది. వాయ్ దాని మీద ఉపన్యాసం ఇవ్వలేదు. ఒక పనికిమాలిన రౌడీకి రెండు జీవితాలు ఇచ్చి, ఎటు వెళ్తే ఏమవుతుందో చూపించాడు.

కోస్తా_కుర్రాడు

‘డ్రగ్ వార్’ గురించి ఎవరూ మాట్లాడలేదు. అందులో పోలీస్ కెప్టెన్ జాంగ్ ముందు ఒక డ్రగ్ వ్యాపారిలా నటిస్తూ హాహా అనే వాణ్ణి కలుస్తాడు. హాహా ఊరికే పగలబడి నవ్వే రకం. కొద్ది నిమిషాల్లోనే ఇదే కెప్టెన్ పక్క గదికి వెళ్ళి అసలు వ్యాపారి ముందు హాహాలా నటించాలి. ఇప్పుడే విన్న నవ్వు, ఇప్పుడే విన్న మాటలు అచ్చం అలాగే. ఆ సీన్ రాసినవాళ్ళకి దండం పెట్టాలి. మొదటి సారి హాహా సీను మనకి విసుగ్గా అనిపిస్తుంది, ఎందుకింత సాగదీస్తున్నారని. రెండో గదిలోకి వెళ్ళాక ప్రతి ముక్కా ఎందుకుందో తెలుస్తుంది.

విశాలి

అది చాలా మంచి ఉదాహరణ. ఆ సినిమాలో ఇంకో కష్టం కూడా ఉంది. మెయిన్‌ల్యాండ్‌లో తీస్తే సెన్సార్ ఉంటుంది. పోలీసులు మంచివాళ్ళుగానే ఉండాలి, నేరస్థుడికి శిక్ష పడాలి. వాళ్ళు ఆ నియమాలు అన్నీ పాటించారు. పోలీసులు విధి కోసమే బతుకుతారు, నేరస్థుడికి విషపు ఇంజెక్షన్‌తో మరణశిక్ష పడుతుంది. కానీ సినిమా అయ్యాక ఎవరు గెలిచారో చెప్పలేం. రోడ్డు మీద ఇరువైపులా అందరూ పడి ఉంటారు. కట్టుబాట్లు ఒప్పుకుంటూనే తన ప్రశ్న వదలకపోవడం, అది అనుభవం ఉన్న రచయితకే సాధ్యం.

‘రిటన్ బై’ గురించి పాత_రీలు గారు ఒక్క ముక్క అని వదిలేశారు. కారు ప్రమాదంలో తండ్రి పోతాడు, కూతురికి చూపు పోతుంది. ఆ కూతురు ఒక నవల రాస్తుంది, అందులో తండ్రి బతికి ఉంటాడు, మిగతా కుటుంబం పోతుంది. ఆ నవల్లో తండ్రి కూడా దుఃఖం తట్టుకోలేక ఇంకో నవల రాస్తాడు, అందులో కుటుంబం బతికి ఉంటుంది. చెప్తుంటే చిక్కుముడిలా ఉంది కానీ చూస్తుంటే తడుముకోం, ఎందుకంటే ప్రతి పొరలోనూ ఉన్నది ఒకే బాధ. పోయినవాళ్ళని కథలో అయినా బతికించుకోవాలని. నాకు వాయ్ రాసినవాటిల్లో ఇదే దగ్గర. ఇది సాంకేతికంగా ‘మ్యాడ్ డిటెక్టివ్’ అంత నునుపుగా లేదు, గ్రాఫిక్స్ కొన్ని చోట్ల తేలిపోయాయి. అయినా సరే.

షార్జా_శంకర్

కొత్తగా చూసేవాళ్ళకి ఎక్కడ మొదలుపెట్టమంటారు? మా ఆవిడ ‘నీడింగ్ యూ’ తప్ప ఇంకేం చూడలేదు.

రాత్రిఆట

అన్నా, వదిన గారికి ‘మై లెఫ్ట్ ఐ సీస్ గోస్ట్స్’ పెట్టండి. సామీ చెంగే, సగం కామెడీ, కానీ ఆఖరి ఇరవై నిమిషాలకి రుమాలు దగ్గర పెట్టుకోమనండి. కథ ముందుగా ఎక్కడా చదవనివ్వకండి. తర్వాత ‘మ్యాడ్ డిటెక్టివ్’, ఆ తర్వాతే ‘రన్నింగ్ ఆన్ కర్మ’. మొదట్లోనే కర్మ చూస్తే ఆ కండల సూట్ దగ్గరే ఆగిపోయి నవ్వుకుంటారు. వాయ్ చెప్పే వింతలకి కొంచెం అలవాటు పడ్డాక చూడాల్సిన సినిమా అది. ‘డిటెక్టివ్ వర్సెస్ స్లూత్స్’ (2022) చివర్లో. దానికి లౌ చింగ్-వాన్‌కి హాంకాంగ్ ఫిల్మ్ అవార్డ్స్‌లో ఉత్తమ నటుడు వచ్చింది. ‘మ్యాడ్ డిటెక్టివ్’ చూసినవాళ్ళకే దాని వేగం మింగుడుపడుతుంది.

సుధ_నిజామాబాద్

నేను ‘రిటన్ బై’ చూడలేదు, ఈ వారం చూస్తాను. చూశాక కూడా తో వైపే ఉంటానేమో, కానీ చూడకుండా వాదించను. ఒక్క మాట మాత్రం ఇప్పుడే చెప్తాను. ఈ థ్రెడ్‌లో వాయ్ పక్కన యౌ నాయ్-హోయ్ పేరు ఇన్నిసార్లు వచ్చింది, ఆయన గురించి ఎవరూ ఆగి మాట్లాడలేదు. ‘నీడింగ్ యూ’ నుంచి ‘డ్రగ్ వార్’ దాకా ఉన్నాడు, వాయ్ లేని ‘ఎలక్షన్’లోనూ ఉన్నాడు.

పాత_రీలు

న్యాయమైన మాట. 2007లో ఆయన డైరెక్ట్ చేసిన ‘ఐ ఇన్ ద స్కై’ కూడా ఉంది. సుధ గారూ, ఆయన పేరుతో మీరే వేరే థ్రెడ్ తెరవండి, ‘ఎలక్షన్’ నుంచి మొదలుపెడదాం. నేను రెండు భాగాలూ మళ్ళీ చూసి వస్తాను.